పిల్లల ఫోన్‌లో గేమ్స్‌కి తాళం: తొమ్మిది వారాల నా అనుభవం

మే 24, శనివారం. రాత్రి సైలెంట్‌లో పెట్టిన ఫోన్ పొద్దున్నే తీసి చూస్తే బ్యాంకు నుంచి తొమ్మిది మెసేజ్‌లు ఉన్నాయి. అన్నీ చిన్న చిన్న మొత్తాలే. విడివిడిగా చూస్తే పట్టించుకునేంత కాదు, కూడితే మా ఇంటి మూడు నెలల నెట్ బిల్లు. కార్డు వివరాలు ఎవరో కొట్టేశారనుకుని బ్లాక్ చేయించబోతుంటే, మా ఆవిడ మెసేజ్‌లో ఉన్న పేరు చదివి "ఇది వాడు ఆడే గేమ్ కదూ" అంది.

వాడంటే మా పెద్దాడు. పదకొండేళ్లు. వాడి దగ్గరున్నది నా పాత ఫోనే. నేను కొత్తది తీసుకున్నప్పుడు దాన్ని వాడికిచ్చేశాను, అందులోంచి నా గూగుల్ అకౌంట్ తీసేయకుండానే. అకౌంట్‌తో పాటు కార్డు కూడా అందులోనే ఉండిపోయింది. ముందురోజు రాత్రి గేమ్‌లో ఏదో ఒక్కటి కొనుక్కుంటానని బతిమాలితే పాస్‌వర్డ్ కొట్టి ఇచ్చాను. కొనేటప్పుడు పాస్‌వర్డ్ ఎప్పుడెప్పుడు అడగాలన్న సెట్టింగ్ "ప్రతి 30 నిమిషాలకి" అని ఉంది. ఒకసారి కొడితే అరగంట పాటు గేటు బార్లా తెరిచి ఉంటుందన్నమాట. మిగతా ఎనిమిదీ ఆ అరగంటలోనే అయిపోయాయి.

నిలదీస్తే వాడు భయపడలేదు, ఆశ్చర్యపోయాడు. "నువ్వు ఓకే అన్నావు కదా నాన్నా. అది మళ్ళీ అడగలేదు." అబద్ధమేం కాదు. వజ్రాలు, నాణేలు, పెట్టెలు అంటూ తెర మీద కనిపించే ఆ లెక్కల వెనక మా బ్యాంకు ఖాతా ఉందని వాడికి తట్టలేదు. వాణ్ణి తిట్టడానికి తెరిచిన నోరు మూసుకుని సెట్టింగ్స్ తెరిచాను.

డబ్బు వెనక్కి అడగడం నేననుకున్నంత కష్టం కాలేదు, కానీ విసుగు మాత్రం పుట్టించింది. ప్రతి కొనుగోలుకీ ఆర్డర్ నంబరు వేరు, కాబట్టి తొమ్మిది రిక్వెస్ట్‌లు విడివిడిగా పెట్టాలి. ఇంట్లోవాళ్లు పొరపాటున కొన్నారని చెప్పడానికి ఒక దారి ఉంది, ముక్కూమొహం తెలియనివాళ్లు కొన్నారని చెప్పడానికి ఇంకో దారి. కోపంలో రెండోది నొక్కబోయి ఆగాను. ఉన్నదున్నట్టు, మా అబ్బాయే కొన్నాడని రాశాను. 48 గంటలు దాటితే సాధారణంగా గేమ్ తయారుచేసినవాళ్లనే అడగమంటారని అక్కడే చదివాను, అందుకని ఆ శనివారం మధ్యాహ్నమంతా అదే పని. సోమవారం జవాబొచ్చింది. ఆ తర్వాత శనివారానికి, అంటే 31వ తేదీకి, మొత్తం ఖాతాలో పడింది.

ఈ లోపల కంగారులో ఇంకో తప్పు చేశాను. 26న ఒక పేరెంటల్ కంట్రోల్ యాప్‌కి ఏడాది చందా కట్టేశాను. పేరు చెప్పను. పిల్లాడి ఫోన్‌లో దానికి సవాలక్ష అనుమతులు ఇవ్వాలి, అన్నీ ఇచ్చాను. నాలుగు రోజులు బాగానే పనిచేసింది. ఐదో రోజు నుంచి వాడి ఫోన్ నాకు "ఆఫ్‌లైన్" అని కనిపించడం మొదలైంది. చూస్తే, ఛార్జింగ్ తగ్గినప్పుడు బ్యాటరీ సేవర్ దాన్ని నిద్రపుచ్చేస్తోంది. ఆ సంగతి మా పెద్దాడు నాకంటే ముందే కనిపెట్టాడు. సాయంత్రాలు వాడి ఫోన్ ఎప్పుడూ 15 శాతం మీదే ఉండటానికి కారణం అది. చందా మాత్రం పోయినట్టే. మీరు ఏదైనా కొనే ముందు ఫోన్‌లో ఉచితంగా ఏముందో ఒకసారి చూడండి. ఆండ్రాయిడ్‌కి గూగుల్ ఫ్యామిలీ లింక్, ఐఫోన్, ఐప్యాడ్‌లకి స్క్రీన్ టైమ్ ఉన్నాయి, రెండింటికీ డబ్బు కట్టక్కర్లేదు. ఈ మాట ఎవరూ చెప్పలేదా అంటే మా ఆవిడ చెప్పింది, నేనే వినలేదు.

జూన్ 7, శనివారం సాయంత్రం ఫ్యామిలీ లింక్ పెట్టడానికి కూర్చున్నాం. అరగంట పని అనుకున్నాను. వాడి పేరున పిల్లల అకౌంట్ తెరవాలి, నిజమైన పుట్టినతేదీ ఇవ్వాలి, వాడి ఫోన్‌లోంచి నా అకౌంట్ తీసేసి వాడిది పెట్టాలి, మధ్యలో నా పాస్‌వర్డ్ కొట్టాలి. ఆ తర్వాత ఫోన్‌లో ఉన్న యాప్‌లన్నీ వరసగా చూపిస్తుంది, ఏవి ఉండాలో ఏవి వద్దో టిక్ పెట్టుకోవాలి. ఇదంతా గంటన్నరలో అయింది. వాడు పక్కనే కూర్చుని బుద్ధిగా చూస్తున్నాడు. "నీ గేమ్ తీసెయ్యను, టైమ్ మాత్రమే పెడతాను" అని మాటిచ్చాను.

అంతా అయ్యాక వాడు గేమ్ తెరిచాడు. మొదటి లెవెల్. "నీ పేరేమిటి?" అని అడుగుతోంది.

వాడి రెండేళ్ల ఆట అంతా నా గూగుల్ అకౌంట్‌కి కట్టి ఉంది. ఆ అకౌంట్ తీసేయగానే గేమ్‌కి వాడెవడో తెలియకుండా పోయింది. వాడు అరవలేదు, ఏడవలేదు. ఫోన్ బల్ల మీద పెట్టి లోపలికి వెళ్ళి పడుకున్నాడు. ఆ బల్ల ముందు రాత్రి పదకొండు దాకా కూర్చున్నాను. అరిచి ఉంటే నాకు కొంచెం తేలిగ్గా ఉండేదేమో.

మర్నాడు అదే గేమ్‌ని నా ఫోన్‌లో వేసి నా అకౌంట్‌తో తెరిస్తే, ఆట మొత్తం చెక్కుచెదరకుండా అక్కడే ఉంది. గేమ్‌కి సొంత లాగిన్ ఒకటి ఉంటుంది, ఈమెయిల్‌తో. ఆటని దానికి కట్టి, ఆ లాగిన్‌తో వాడి ఫోన్‌లో తెరవాలి. అయితే శనివారం రాత్రి వాడి ఫోన్‌లో ఆ మొదటి లెవెల్ ఆట అప్పటికే కొత్త ఐడీతో మొదలైపోయింది కాబట్టి రెండింటికీ పొత్తు కుదరలేదు. సహాయకేంద్రానికి రాస్తే నాలుగు రోజులకి, అంటే 12న, సరిచేశారు. అకౌంట్ తీసేయకముందే గేమ్ సెట్టింగ్స్‌లోకి వెళ్ళి ఈ పని చేసుకుని ఉంటే రెండు నిమిషాల్లో అయిపోయేది. ఇది చదివేవాళ్లు ఒక్క విషయమే గుర్తుపెట్టుకుంటామంటే దీన్నే పెట్టుకోండి.

ఆ నాలుగు రోజులూ వాడు నాతో అవసరమైనంత వరకే మాట్లాడాడు.

12 సాయంత్రం ఆట తిరిగొచ్చింది, దాంతో పాటు నేను పెట్టిన లిమిట్ కూడా అమల్లోకొచ్చింది. రోజుకి గంట. రాత్రి తొమ్మిది నుంచి పొద్దున ఏడు దాకా డౌన్‌టైమ్, అంటే ఫోన్ లాక్ అయి ఉండే వేళలు. లెక్క ప్రకారం చక్కగానే ఉంది. కానీ నేను పెట్టింది ఫోన్ మొత్తానికి గంట, గేమ్‌కి కాదు. డిక్షనరీ చూసినా, పాట విన్నా, క్లాసు వీడియో చూసినా అదే గంటలోంచి పోతుంది. మొదటిరోజే వాడు ఇరవై నిమిషాలు సైన్స్ వీడియో చూసి, ఆ తర్వాత గేమ్‌కి మిగిలింది చూసి నా దగ్గరకొచ్చాడు. "అయితే చదువుకి ఫోన్ వాడకూడదా?" జవాబు లేదు నా దగ్గర. ఫోన్ మొత్తం లిమిట్ పెంచేసి, గేమ్‌లకి విడివిడిగా యాప్ లిమిట్ పెట్టాను. డిక్షనరీలాంటివి ఎప్పుడూ తెరుచుకునేలా పెట్టే వీలు కూడా ఉంది, అందులో చేర్చాను. ఫోన్ లాక్ అయ్యాక కూడా వచ్చిన కాల్ ఎత్తొచ్చు, అది మా ఆవిడకున్న పెద్ద భయం, అది తీరింది.

అసలు గొడవ 14, శనివారం జరిగింది. సాయంత్రం 6:42. ఆ టైమ్ ఎందుకు గుర్తుందంటే, లాక్ పడిన తెర మీద అదే కనిపించింది, ఆ తెర నా ముఖానికి జానెడు దూరంలో ఉంది. మ్యాచ్ మధ్యలో ఆగిపోయింది. "ఒక్క రెండు నిమిషాలు నాన్నా, ఒక్క రెండే." నేను వద్దన్నాను. రూల్ అంటే రూల్ అన్నాను. ఆ మాట నా నోట్లోంచి వస్తున్నప్పుడే నాకు నచ్చలేదు. వాడు దిండు విసిరాడు, తలుపు ధడాలున వేసుకున్నాడు, "నువ్వంటే నాకిష్టం లేదు" అని తలుపు వెనకనుంచి అన్నాడు. చిన్నది, ఏడేళ్లది, చెవులు మూసుకుని సోఫా మూల కూర్చుంది.

ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు. వాడికి ఇది వ్యసనమా అని ఒంటిగంట దాకా చదువుతూ కూర్చున్నాను. ప్రపంచ ఆరోగ్య సంస్థ జబ్బుల జాబితా ఐసీడీ-11లో గేమింగ్ డిజార్డర్ నిజంగానే ఉంది, 2022 జనవరి 1 నుంచి ఆ జాబితా అమల్లో ఉంది. గుండె ఝల్లుమంది. కిందికి చదివితే, ఆట మీద అదుపు తప్పడం, మిగతా అన్నిటికంటే ఆటే ముందుకు రావడం, నష్టం జరుగుతున్నా ఆడుతూనే ఉండటం, ఇవన్నీ ఇంటినీ బడినీ దెబ్బతీసేంతగా, మామూలుగా కనీసం 12 నెలల పాటు కనిపించాలని ఉంది. వేళ్ల మీద లెక్కపెట్టుకున్నాను. వాడు నిద్రపోతున్నాడు. స్నేహితులు పిలిస్తే ఫోన్ వదిలేసి సైకిలేసుకుని పోతున్నాడు. మార్కులు ఎప్పటిలాగే అటూ ఇటూ. టెన్షన్ పూర్తిగా పోలేదు గానీ నిద్ర పట్టింది.

తర్వాత పది రోజులు దొంగా పోలీసు ఆట నడిచింది. ఇందులో దొంగకే తెలివి ఎక్కువ.

వారం రిపోర్టు చూస్తే గేమ్ లిమిట్ లోపలే ఉంది, బ్రౌజర్ మాత్రం ఒక్కరోజులో రెండు గంటల పది నిమిషాలు. పాఠాలు వెతుక్కుంటున్నాడని మురిసిపోయాను. కాదు, బ్రౌజర్‌లోనే ఆడే గేమ్స్ వేలల్లో ఉంటాయట, దేన్నీ ఇన్‌స్టాల్ చేయక్కర్లేదు. ఒక్కో సైట్ బ్లాక్ చేస్తూ పోయాను, మూడు రోజుల్లో తొమ్మిది. ఇలా లాభం లేదని, నేను ఒప్పుకున్న సైట్లు మాత్రమే తెరుచుకునేలా పెట్టాను. దాంతో బడి పనికి కావలసిన ప్రతి పేజీకీ నా ఫోన్‌కి రిక్వెస్ట్ రావడం మొదలైంది. ఆఫీసులో ఒక్క మధ్యాహ్నం పదకొండు వచ్చాయి. తొమ్మిది అగ్నిపర్వతాల గురించి. మిగతా రెండూ కొత్త గేమ్ వేసుకుంటానని, ఒకటే గేమ్, రెండుసార్లు. రెండురోజులకే ఆ సెట్టింగ్ తీసేసి, పాత తొమ్మిది సైట్లతోనే సరిపెట్టుకున్నాను.

ఆ కొత్త గేమ్ సంగతి ఇక్కడే చెప్పేస్తాను. నేను స్టోర్‌లో వయసు ఫిల్టర్ 7+ అని పెట్టాను, వాడు అడిగింది 12+. రేటింగ్ చూసి "కొట్లాట ఎక్కువేమో" అనుకున్నాను. వివరాలు తెరిస్తే, ఆడేవాళ్లు ఒకరితో ఒకరు మాట్లాడుకోవచ్చు అన్న గుర్తు కింద చిన్నగా ఉంది. వయసు రేటింగ్ గేమ్‌లో ఉన్నదానికే, అందులో మీ పిల్లాడితో మాట్లాడే ముక్కూమొహం తెలియనివాళ్లకి కాదు. అప్పుడు అనుమానమొచ్చి, వాడు రెండేళ్లుగా ఆడుతున్న గేమ్ తెరిచి చూస్తే అందులోనూ చాట్ తెరిచే ఉంది. దాన్ని ఆపే బటన్ పేరెంటల్ కంట్రోల్‌లో కాదు, గేమ్ లోపల సెట్టింగ్స్‌లో ఉంది. స్నేహితులతో మాత్రమే అని పెట్టాను. నిమిషాల మీద ఇంత యుద్ధం చేస్తూ దీన్ని ఇన్నాళ్లూ చూడనేలేదు.

వాడి నెట్‌నే ఆపేద్దామని 18, బుధవారం ఇంటి వైఫై రౌటర్ మీద పడ్డాను. పరికరాల జాబితాలో పేర్లు సరిగ్గా లేవు, అంకెలూ అక్షరాలే. వాడి ఫోన్ "అబౌట్" పేజీలో ఉన్న మాక్ అడ్రస్‌తో, అంటే నెట్‌వర్క్‌లో ఆ పరికరాన్ని గుర్తుపట్టే నంబరుతో, పోల్చి చూస్తే ఏదీ కలవలేదు. ఆండ్రాయిడ్ 10 నుంచి ఫోన్లు వైఫైకి అసలు అడ్రస్ బదులు వేరే అడ్రస్ చూపిస్తాయని, అది ఆ వైఫై వివరాల్లో చూసుకోవాలని అప్పటికి తెలియదు. అంచనాగా ఒకటి బ్లాక్ చేశాను. అది మా ఆవిడ లాప్‌టాప్. ఆమె మీటింగ్ మధ్యలో ఉంది. దీని మీద ఇంతకంటే రాయను.

సరైనది దొరికాక రాత్రి ఎనిమిదిన్నరకి వాడి నెట్ కట్ చేసి విజయగర్వంతో గదిలోకి తొంగిచూశాను. వాడు ఫోన్ మీద టకటకా నొక్కుతున్నాడు. నెట్ లేనప్పుడు క్రోమ్‌లో ఒక డైనోసార్ వస్తుంది కదా, ముళ్లచెట్ల మీంచి గెంతుతూ. 2014 నుంచి ఉంది అది. నెట్ పోతే దానంతటదే ఎదురయ్యే గేమ్ అది, దాన్ని వాడికి నేనే స్వయంగా తెరిచిపెట్టాను. ఇద్దరం నవ్వుకున్నాం. ఆ నెలలో మేం కలిసి నవ్వింది అదే మొదటిసారి అనుకుంటాను.

చిన్నదాని కథ వేరే. దానికి వాళ్లమ్మ పాత ఐప్యాడ్ ఉంది. స్క్రీన్ టైమ్‌లో గేమ్స్ మొత్తానికి 40 నిమిషాల లిమిట్ పెట్టాను. ఒక్కో యాప్‌కి కాకుండా గేమ్స్ అన్న వర్గానికే పెడితే రేపు వేసే కొత్త గేమ్ కూడా అందులోకి వస్తుంది, అది బాగుంది. తొమ్మిది రోజుల తర్వాత రిపోర్టు చూస్తే రోజుకి రెండు గంటలు దాటుతోంది. ఎలాగమ్మా అంటే చూపించింది. టైమ్ అయిపోయిందని తెర వస్తుంది, కింద "ఇగ్నోర్ లిమిట్" అని ఉంటుంది, నొక్కుతుంది, ఈరోజుకి వదిలేయమంటుంది, ఆడుకుంటుంది. "దానికేం కోపం రాదు నాన్నా, ఊరికే చెప్తుంది" అంది. తప్పు నాదే. స్క్రీన్ టైమ్‌కి వేరే పాస్‌కోడ్ పెట్టాలి, "బ్లాక్ ఎట్ ఎండ్ ఆఫ్ లిమిట్" అన్న బటన్ ఆన్ చేయాలి. ఈ రెండూ చేయకపోతే లిమిట్ అనేది గుర్తుచేయడానికే, ఆపడానికి కాదు. పాస్‌కోడ్ పెట్టాను, నా ఫోన్ తెరిచే నంబరే. అది ఇంట్లో అందరికీ తెలుసు. దొంగచేతికి తాళాలిచ్చినట్టే. రెండోసారి మా ఆవిడ పెట్టింది, నాకు చెప్పలేదు, అదే మంచిదైంది. మర్చిపోతే తిరిగి తెచ్చుకోవడానికి ఏ అకౌంట్ ఇచ్చామో మాత్రం ఒక కాగితం మీద రాసి దాచాం.

అప్పటినుంచి చిన్నది టైమ్ అడిగితే రిక్వెస్ట్ వాళ్లమ్మ ఫోన్‌కి వెళ్తుంది. పావుగంట, గంట, రోజంతా అని మూడు ఉంటాయి. ఒకరోజు మీటింగ్‌లో హడావుడిగా వేలు జారి "రోజంతా" నొక్కింది. ఆ సాయంత్రం మేమెవ్వరం ఏమీ అనలేకపోయాం. చిన్నది ఆ రోజుని ఇప్పటికీ పండగలా తలుచుకుంటుంది.

ఇక మా అమ్మ ఫోన్. అందులో ఆరు గేమ్స్ దొరికాయి. అడిగితే "నేనే ఆడుకుంటున్నానురా, వాడు నేర్పించాడు" అంది. తెరిచి చూస్తే రంగు గోళీల గేమ్‌లో నిజంగానే 212వ లెవెల్‌లో ఉంది. మిగతా ఐదూ ఎవరివో అడిగితే కళ్లజోడు తుడుచుకుంది.

జూన్ 25, బుధవారం ఆఫీసు నుంచి తొందరగా వచ్చేశాను. పెద్దాడి పక్కన ఒక నోట్‌బుక్ పెట్టుకుని కూర్చున్నాను. ఆపడానికి కాదు, చూడటానికి అని చెప్పాను. మొదట అనుమానంగా చూశాడు. పది నిమిషాల్లో క్రికెట్ కామెంటరీలా మొదలుపెట్టాడు. ఎవరు ఎటునుంచి వస్తున్నారో, వీడెందుకు దాక్కున్నాడో, వాడెందుకు వెధవో.

నేను టైమ్ రాసుకున్నాను. జట్టు కుదరడానికి 4 నిమిషాలు. మ్యాచ్ 21. మళ్ళీ 4. ఇంకో మ్యాచ్ 24. రోజూ లాగిన్ అయినందుకు వచ్చే బహుమతి పెట్టె తెరవడానికి 3. కూడితే 56. నేనిచ్చిన గంటలో రెండు మ్యాచ్‌లు పడతాయి, మిగిలిన నాలుగు నిమిషాల్లో వాడు మూడోదానికి జట్టు వెతుక్కుంటాడు, మ్యాచ్ మొదలవగానే తాళం పడుతుంది. మధ్యలో వెళ్ళిపోయినవాణ్ణి పారిపోయినట్టు లెక్కేసి, ఆ గేమ్ కాసేపు కొత్త మ్యాచ్‌లోకి రానివ్వదు. మిగతా ముగ్గురూ ఓడిపోతారు. ఆ ముగ్గురూ వాడి క్లాసువాళ్లే, మర్నాడు పొద్దున బడిలో వాడికి ఎదురుపడేవాళ్లే. 14న 6:42కి వాడు దిండు విసిరింది ఎందుకో పదకొండు రోజుల తర్వాత అర్థమైంది. లాక్ పడే ముందు 15 నిమిషాలకి, 5 నిమిషాలకి, 1 నిమిషానికి ఫోన్ హెచ్చరిస్తూనే ఉంది. కానీ 21 నిమిషాల మ్యాచ్‌లోకి అప్పటికే దిగినవాడికి ఆ హెచ్చరికతో చేసేదేముంది?

ఇంకొకటి తెలిసింది. బడి రోజుల్లో గేమ్ పూర్తిగా బంద్ చేసి శని, ఆదివారాలే ఇద్దామని మేమిద్దరం అప్పటికి అనుకుంటున్నాం. ఆ బహుమతి పెట్టె వరసగా ఏడు రోజులు తెరిస్తేనే పెద్దది వస్తుందట, ఒక్కరోజు తప్పినా మళ్ళీ మొదటి నుంచి. పిల్లల్ని రోజూ రప్పించుకోవడానికి వేసిన ఎత్తు అని నాకు కనిపిస్తూనే ఉంది, ఆ మాట వాడికీ చెప్పాను. "తెలుసు" అన్నాడు. తెలిసినా కావాలి. నేను మాత్రం ఎన్నిటికి పడిపోవడం లేదు?

28, శనివారం వాణ్ణే రాసుకు రమ్మన్నాను, వారానికి ఎంత కావాలో. వాడు తెచ్చిన కాగితం ఇప్పటికీ ఫ్రిజ్ మీద ఉంది. సోమవారం నుంచి శుక్రవారం దాకా రోజుకి 30 నిమిషాలు, ఒక మ్యాచ్, పెట్టె. శనివారం 90. ఆదివారం 60. కింద పెద్ద అక్షరాలతో "మధ్యలో ఆపకూడదు". కూడితే ఐదు గంటలు. నేను రోజుకి గంట చొప్పున ఇస్తున్నది ఏడు గంటలు. రెండుసార్లు కూడి చూసుకున్నాను. రెండు గంటలు తగ్గించుకుని తెచ్చాడు వాడు. మా ఆవిడ నా వైపు చూసిన చూపు గురించి కూడా ఏమీ రాయను.

ఫ్యామిలీ లింక్‌లో వారంలో ఏ రోజుకారోజు డౌన్‌టైమ్ మార్చుకోవచ్చు, కానీ నేను గేమ్‌కి పెట్టిన లిమిట్‌ని మాత్రం వారం మధ్యలోనూ వారాంతంలోనూ చేత్తో మార్చుకుంటున్నాను. అదో చిన్న చాకిరీ, శనివారం పొద్దున గుర్తుండాలి. ఇంకో పని చేశాను, వాడికి చెప్పకుండా. కాగితం మీద 30 ఉన్నచోట యాప్‌లో 45 పెట్టాను. మ్యాచ్ కాస్త సాగినా మధ్యలో తెగకుండా ఉంటుందని.

జూలై 1, మంగళవారం రాత్రి భోజనాల దగ్గర వాడే అన్నాడు, "నాన్నా, నువ్వు తప్పు పెట్టావు. అందులో 45 ఉంది."

"చూశావా?"

"నిన్నే చూశాను. మ్యాచ్ అయిపోయాక ఇంకా పదమూడు నిమిషాలు చూపిస్తోంది."

"మరి ఆడుకోలేదా?"

"పదమూడు నిమిషాల్లో మ్యాచ్ అవ్వదుగా," అన్నాడు, ఇంత కూడా తెలియదా అన్నట్టు. నిజాయితీ అనుకుని పొంగిపోబోయినవాణ్ణి అక్కడే ఆగాను. 45ని అలాగే ఉంచాను.

జూలై 26తో మొదటి మెసేజ్‌లు వచ్చి తొమ్మిది వారాలైంది. వాడి కాగితం అమల్లోకొచ్చిన ఈ నాలుగు వారాల్లో లాక్ మ్యాచ్ మధ్యలో రెండేసార్లు పడింది. ఒకసారి నేను శనివారం మార్చడం మర్చిపోయి, అప్పుడు ఆఫీసు నుంచే ఫోన్‌లో టైమ్ పెంచాను. ఇంకోసారి వాడే 30 దాటాక రెండో మ్యాచ్‌కి దిగి, అప్పుడు పెంచలేదు. తలుపు వేసుకున్నాడు, కానీ దిండు జోలికి పోలేదు. వారానికి సగటు ఐదు గంటల నలభై నిమిషాలు వస్తోంది. ఇతరులు ఆడే ఆటల వీడియోలు చూడటం మాత్రం పెరిగింది. దాన్ని గేమ్‌లో కలపాలా, టీవీలో కలపాలా అని మా ఇంట్లో ఇంకా తేలలేదు. నేను కలపాలంటాను, మా ఆవిడ నేను క్రికెట్ చూసే గంటల్ని కూడా కలపమంటుంది.

ఖర్చు చెప్పాలంటే, తొమ్మిది కొనుగోళ్ల డబ్బు తిరిగొచ్చింది, ఏడాది చందా పోయింది. ఆ చందా మళ్ళీ ఏడాదికి దానంతటదే కట్ అయ్యేలా పెట్టి ఉంది, దాన్ని మొన్ననే ఆపాను. కొనుగోలుకి ఇప్పుడు ప్రతిసారీ పాస్‌వర్డ్ అడుగుతుంది. సెట్టింగ్స్ ముందు కూర్చున్న సమయం, రిక్వెస్ట్‌లు కాకుండా, ఇరవై గంటలకి తక్కువ ఉండదు. అందులో నిజంగా పనికొచ్చింది నోట్‌బుక్‌తో కూర్చున్న ఆ ఒక్క గంట.

వాడికి నవంబర్‌లో పన్నెండు నిండుతాయి. చాలా దేశాల్లో పదమూడు దాటితే ఈ పిల్లల అకౌంట్ రూల్స్ మారతాయి. ఆ సంగతి వాడు అప్పుడే చదివేశాడు, నాకు వివరించి చెప్పింది కూడా వాడే.

అమ్మ ఫోన్‌కి ఇంకా ఏ తాళమూ వేయలేదు. ఆ ఐదు గేమ్స్ తీసేద్దామని మొన్న ఆదివారం కూర్చున్నాను. "ఆగరా, ఇది అయిపోనీ" అంది. 240వ లెవెల్ నడుస్తోంది. అయ్యేదాకా ఆగాను.